కాశీలో వదిలిన జామపండు

మా నాన్న 1988 డిసెంబరులో కాశీలో జామపండు వదిలేశారు. ఆ తర్వాత మా ఇంట్లో జరిగిన చాలా విషయాలకు నేను ఆ సంగతినే కొండగుర్తుగా పెట్టుకున్నాను. నా పదో తరగతి పరీక్షలు నాన్న జామపండు వదిలిన రెండేళ్లకు, నా పెళ్ళి పదేళ్లకు. అలా అన్నమాట.

కాశీకి వెళితే ఇష్టమైన కాయ ఒకటి, పండు ఒకటి వదిలిరావాలని మనవాళ్ల ఆచారం. కొందరు గయలో వదలాలంటారు. కొందరు ఒక ఆకు కూడా కలుపుతారు. అసలు వదలమన్నది కాయనూ పండునూ కాదని, కాయాపేక్ష, ఫలాపేక్ష అని, అంటే ఒంటి మీద మమకారమూ చేసిన పనికి ప్రతిఫలం మీద ఆశానని, జనం నోట పడి అవి కూరగాయా పండూ అయిపోయాయని చెప్పే పెద్దలున్నారు. వినడానికి బాగుంటుంది. అయితే అంత పెద్దవి అక్కడ దింపుకుని ఇంటికొచ్చిన మనిషిని నేను ఇంతవరకు చూడలేదు. కాకరకాయ వదిలినవాళ్లను మాత్రం లెక్కలేనంత మందిని చూశాను.

మా నాయనమ్మ కాకరకాయే వదిలింది. పుట్టి బుద్ధెరిగాక ఆవిడ ఆ కాయను నోట పెట్టలేదు. పండు ఏమిటని పురోహితుడు అడిగితే తడుముకోకుండా యాపిల్ అంది. ఆ రోజుల్లో తెనాలిలో మా బోటి ఇళ్లకు యాపిల్ జ్వరం వస్తేనే వచ్చేది. అమ్మ పొట్లకాయ, పనసపండు వదిలింది. వంట చేసేది తనే కాబట్టి పొట్లకాయను ఇంటిల్లిపాదీ వదిలినట్టే అయింది. పొట్లకాయ పెరుగుపచ్చడి అంటే ప్రాణం పెట్టే నాన్న ఆ సంగతి చాలా ఆలస్యంగా గ్రహించారు.

నాన్న ఒక్కరే ఆచారాన్ని ఆచారంలా పాటించారు. దొండకాయ, జామపండు. మా పెరట్లో జామచెట్టు ఉండేది. పొద్దున్నే పళ్లు తోముకుంటూ ఆ చెట్టు చుట్టూ తిరిగి, రాత్రి గబ్బిలాలు దేన్ని కొరికాయో, ఏది దోరకు వచ్చిందో చూసుకునేవారు. అలాంటి మనిషి కాశీలో గంగ ఒడ్డున నిలబడి జామపండు అనగానే నాకు గుండె ఝల్లుమంది. నాకప్పుడు పదమూడేళ్లు.

*

ఆ ప్రయాణం గురించి కొంత చెప్పాలి.

నాన్న హైస్కూల్లో లెక్కల మాస్టారు. ఏ పని చేసినా ముందు ఒక నోటు పుస్తకం తెరిచేవారు. "కాశీ ఖర్చులు" అని పైన రాసి, కింద ఎర్ర సిరాతో గీత గీసిన పుస్తకం ఇప్పటికీ నా దగ్గరుంది. హోల్డాలు బాగుచేయించినందుకు ఇంత, మరచెంబుకు ఇంత, నాయనమ్మ ఊలు శాలువాకు ఇంత. నెలవారీ ఇంటి జమాఖర్చులు వేరే పుస్తకాలు. అవీ ఉన్నాయి, ఇరవై పైచిలుకు. అన్నింట్లోనూ పొడి అక్షరాలే. పా. అంటే పాలు, కి. అంటే కిరాణా, జా. అంటే జాబులు. ఊరూరా ఉన్న శిష్యులకు నాన్న ఉత్తరాలు రాస్తూనే ఉండేవారు.

తెనాలి నుంచి విజయవాడ వెళ్లి అక్కడ గంగా కావేరి ఎక్కాం. ఆ పేరే నాయనమ్మకు సగం పుణ్యం. రెండు నదుల పేర్లు పెట్టుకున్న బండిలో కూర్చుంటే చాలన్నట్టు ఎక్కగానే కళ్లు మూసుకుని దండం పెట్టుకుంది. ఆవిడ బొడ్డుసంచిలో చిల్లర నాణేలు మూటగట్టి ఉండేవి, నదులకు వేయడానికి. కృష్ణకు తెనాలి బండిలోనే వేశాం. మంచిర్యాల ఇవతల గోదావరికి వేశాం. జబల్పూరు చేరకముందు నర్మదకు వేశాం. వంతెన చప్పుడు మొదలవగానే మా తమ్ముడు కిటికీ కమ్మీల మధ్య చెయ్యి పెట్టుకుని సిద్ధంగా ఉండేవాడు. వాడికి తొమ్మిదేళ్లు. వాడు వేసినవాటిలో సగం వంతెన కమ్మీలకు తగిలి రైలుపట్టాల మీద పడి ఉంటాయి. నది దాకా వెళ్లినవి ఎన్నో ఆ తల్లులకే తెలియాలి.

ఇటార్సీలో నాన్న మరచెంబు పట్టుకుని నీళ్లకు దిగారు. కొళాయి దగ్గర గుంపు. బండి కదిలింది. ప్లాట్‌ఫారం మీద నాన్న చెంబుతో పరుగెత్తడం కిటికీలోంచి కనిపించింది, ఆ తర్వాత కనిపించలేదు. అమ్మ ఏడవలేదు. మా ఇద్దరి చేతులూ పట్టుకుని కూర్చుంది, గోళ్లు దిగాయి. నాయనమ్మ ఆంజనేయ దండకం ఎత్తుకుంది. ఏడ్చింది నేను. పావుగంటకో ఇరవై నిమిషాలకో నాన్న పెట్టెల వెంట నడుచుకుంటూ వచ్చారు. చెంబులో నీళ్లు సగం ఒలికిపోయాయి. వచ్చీ రాగానే నన్ను చూసి, "ఏడవాల్సినంత ఏం జరిగింది? బుద్ధి లేదా?" అని కేకలేశారు. అంత గట్టిగా ఆయన నన్ను ఎప్పుడూ అనలేదు. ఆ కేక చాలా ఏళ్లు నాలో ఉండిపోయింది, అన్యాయంగా పడ్డ దెబ్బలాగా.

కాశీలో పాండే హవేలీ దగ్గర ఒక తెలుగు సత్రంలో దిగాం. ఆ సందులో తెలుగు అక్షరాలు, తెలుగు మాటలు, ఇడ్లీ వాసన. రైల్లో ఒకటిన్నర రోజు నోరు కట్టేసుకున్న నాయనమ్మ అక్కడ మళ్లీ మనిషైంది. గంగ మాత్రం నేను అనుకున్నట్టు లేదు. పొగమంచులో అవతలి ఒడ్డు కనిపించలేదు. కాశీలో గంగ ఉత్తరానికి పారుతుందని, అందుకే అంత మహిమ అని నాన్న చెప్పారు. తమ్ముడు ఉత్తరం ఎటో అడిగాడు. సూర్యుడు కనిపించని పొద్దున నాన్న కాసేపు తికమకపడ్డారు.

వరస ప్రకారం ముందు ప్రయాగ, తర్వాత కాశీ, గయ చూడాలి. బండి దొరికినదాన్నిబట్టి మేము కాశీ, గయ చూసుకుని చివరికి ప్రయాగ వెళ్లాం. ఈ తలకిందుల వరస గురించి నాయనమ్మ తన చివరి రోజు వరకూ సణిగింది.

ప్రయాగలో వేణీదానం. త్రివేణీ సంగమంలో భర్త తన చేత్తో భార్యకు జడ వేసి, దాని కొస కత్తిరించి నీళ్లలో విడవాలి. పడవలో బల్ల మీద అమ్మను ముందు కూర్చోబెట్టుకుని నాన్న దువ్వెన పట్టుకున్నారు. ముప్ఫై మంది పిల్లల్ని కనుసైగతో కూర్చోబెట్టే మాస్టారికి జడ వేయడం రాలేదు. రెండు పాయలు తీసి తాడులా మెలిపెట్టడం మొదలుపెట్టారు. "మూడు పాయలు నాన్నా" అని నేను పక్కనుంచి చెబుతూ వచ్చాను. అమ్మ సిగ్గుతో తల వంచుకుంటే జడ జారిపోయేది, మళ్లీ మొదటికి. తమ్ముడు పకపకా నవ్వాడు, పడవవాడూ నవ్వాడు. చివరికి వంకరటింకర జడ ఒకటి తయారైంది. కొస కత్తిరించి వదిలితే మునిగిపోయింది. వెంట్రుకలు ఎక్కడైనా తేలతాయి, ఇక్కడ మాత్రం మునుగుతాయన్నారు పురోహితుడు. ఆ తతంగం జరిగినంత సేపూ నాయనమ్మ మా వైపు చూడలేదు. అటు తిరిగి యమునను చూస్తూ కూర్చుంది. తాతయ్య పోయి అప్పటికి ఎనిమిదేళ్లు.

ఇక అసలు పరీక్ష ఆ సాయంత్రం ఎదురైంది. అలహాబాదు అంటే జామపండ్ల ఊరు. చలికాలం వాటి అదను. పైన ఎర్రటి బుగ్గలతో, కోస్తే లోపల గులాబీ రంగుతో ఉండే సుర్ఖా రకం ఆ ఊరికి పేరు తెచ్చింది. కాశీలో జామపండు వదిలి నాలుగు రోజులు కాలేదు, స్టేషన్ బయట బుట్టలకు బుట్టలు జామపండ్లు. నాన్న ఆగారు. బేరమాడి మాకోసం రెండు కిలోలు కొన్నారు. పుస్తకంలో రాశారు కూడా. తిరుగు బండి ఎక్కాక నైనీ వంతెన మీద యమునను దాటుతున్నాం. 1865లో కట్టిన వంతెన, పైన రైలు, కింద రోడ్డు అని చెబుతూ చెబుతూ నాన్న సంచిలోంచి ఒక పండు తీశారు. అటూ ఇటూ తిప్పి ముక్కు దగ్గర పెట్టుకున్నారు. వంతెన దాటేవరకు అలాగే ఉన్నారు. తర్వాత నాకిచ్చారు. ఆ గొడవలో యమునకు నాణెం వేయడం మరిచిపోయాం. అమ్మ అప్పుడే అంది, బాకీ పడ్డామని.

ఆ మరుసటి ఏడు బడిలో "మాట నిలబెట్టుకోవడం" మీద వ్యాసం రాయమన్నారు. ఇంకెవరి గురించి రాస్తాను? పెరట్లో చెట్టు నిండా కాయలు, కోసి ఇరుగుపొరుగుకు పంచే నాన్న, ఒక్కొక్కటీ వాసన చూసి పక్కవాళ్ల చేతిలో పెట్టే నాన్న. మొదటి బహుమతి, స్టీలు గ్లాసు. నాన్న చనిపోయే దాకా ఆ గ్లాసుతోనే మంచినీళ్లు తాగారు. 2011లో, అరవై అయిదో ఏట, ఎవరినీ ఇబ్బంది పెట్టకుండా నిద్రలో పోయారు.

*

నిరుడు జూన్‌లో నాకు యాభై నిండాయి. పుణెలో ఉద్యోగం చేస్తున్న మా అబ్బాయి ఇంటికి కేకు పంపించాడు. మా ఆయన యాభై దీపాలు వెలిగిద్దామని మొదలుపెట్టి ఇరవై దగ్గర ఆపేశారు, నడుము నొప్పి. మూడు నెలల ముందే కొత్త కళ్లజోడు వచ్చింది. పై సగం నడవడానికి, కింది సగం చదవడానికి. మెట్లు దిగేటప్పుడు ఏ సగంలోంచి చూడాలో ఇంకా అలవాటు కాలేదు.

ఆ రాత్రి ఎందుకో పాత ఫోటోలు తీశాను. దశాశ్వమేధ ఘాట్‌లో ఫోటో తీసేవాడితో తీయించుకున్న నలుపు తెలుపు ఫోటో ఒకటుంది. నాయనమ్మ మధ్యలో, చెరో పక్క మేము, వెనక అమ్మా నాన్నా. నాన్న మెడకు మఫ్లరు. ఎన్నిసార్లు చూశానో ఆ ఫోటోని. ఎప్పుడు చూసినా అందులో నాకు ఒక పెద్దాయన కనిపించేవారు. ఆ రాత్రి వెనక్కి తిప్పితే నాన్న రాసిపెట్టినవి చదివాను. "అమ్మ 65", అంటే నాయనమ్మ, "నేను 42", తర్వాత మా అమ్మ వయసు 38, నాది 13, తమ్ముడిది 9.

నలభై రెండు! మా బ్యాంకులో నా కింద పనిచేసే కుర్రాళ్లలో ఇద్దరికి నలభై రెండు. వాళ్లను నేను "ఏమయ్యా" అంటాను. ఫోటోలో ఉన్నాయన నాకంటే ఎనిమిదేళ్లు చిన్న. మళ్లీ చూస్తే మొహంలో గాంభీర్యం అనుకున్నది గాంభీర్యం కాదు, బెదురు. నడుముకు డబ్బు కట్టుకుని, రాని హిందీతో, ముసలి తల్లినీ భార్యనూ ఇద్దరు పిల్లలనూ వెంటేసుకుని, ఎవరూ తెలియని ఊళ్లో నిలబడ్డ కుర్రాడు. ఇటార్సీలో ఆయన కేక వేసింది నా మీద కాదని ముప్ఫై ఏడేళ్ల తర్వాత అర్థమైంది. కదిలే బండి వెంట చెంబుతో పరుగెత్తిన పరుగు ఆయన గొంతులోంచి ఇంకా దిగలేదు, అంతే.

మర్నాడు అమ్మకు ఫోన్ చేసి కాశీ వెళ్దామా అన్నాను. అమ్మకు డెబ్భై అయిదు. విమానంలో అయితే రెండు గంటల పని. అమ్మ రైలే అంది. "విమానంలో నదులు ఎలా దాటతామే?" అని అడిగింది.

*

కార్తీక పౌర్ణమి రద్దీ తగ్గాక హైదరాబాదు నుంచి దానాపూర్ ఎక్స్‌ప్రెస్ ఎక్కాం. రైల్లో చదువుకోవడానికి నేను తీసుకెళ్లింది ఏనుగుల వీరాస్వామయ్య గారి యాత్ర. మద్రాసు సుప్రీంకోర్టులో దుబాసీగా ఉన్న ఆయన 1830 మే 18న కాశీకి బయలుదేరి, 1831 సెప్టెంబరు 3న ఇంటికి చేరాడు. పల్లకీ, బోయీలు, వంటవాళ్లు, బంధువులు కలిపి వందమంది దాకా పరివారం. హైదరాబాదు, నాగపూరు, జబల్పూరు, మిర్జాపూరు మీదుగా ప్రయాగ, అక్కడి నుంచి కాశీ. మా రైలూ దాదాపు అదే దారి పట్టింది. ఎక్కడ నీళ్లు దొరుకుతాయో, ఎక్కడ కూరగాయలు దొరకవో, ఏ ఊరి కోమటి ఎలాంటివాడో అన్నీ రాశాడు. ఇంతకుముందు రెండుసార్లు చదివినా నాకు తట్టని సంగతి ఈసారి ముందుమాటలో తట్టింది. ఆయన పుట్టింది 1780లో. ఇల్లు వదిలేటప్పటికి ఆయనకూ యాభయ్యే. ఇదేదో ముందే తెలిస్తే జూన్‌లో అంత దిగులుపడకపోదును.

అమ్మ పర్సు నిండా రూపాయి నాణేలు. ఏసీ పెట్టె కిటికీలు తెరుచుకోవని నేను చెబితే ఆవిడ నమ్మలేదు. గోదావరి వచ్చేసరికి తలుపు దగ్గరికి నడిపించుకెళ్లాను. నేను ఒక చేత్తో కమ్మీనీ ఇంకో చేత్తో అమ్మనూ పట్టుకున్నాను. ఆవిడ విసిరింది. గురి తమ్ముడి కంటే నయం. నర్మద ఏ చీకట్లో వెళ్లిపోయిందో ఇద్దరికీ తెలియలేదు, నిద్రపోయాం. అమ్మ లేచాక చాలాసేపు బాధపడింది. ఇక మిగిలింది యమున, పాత బాకీ. సత్నా దాటినప్పటి నుంచీ నాణెం చేతిలో పెట్టుకుని కూర్చుంది. ఛివ్‌కీలో ఆగాం, బయలుదేరాం, యమున రాలేదు. ఫోన్లో పటం తెరిచి చూస్తే అప్పటికి విషయం తెలిసింది. ఈ బండి అలహాబాదు ఊళ్లోకి వెళ్లదు. యమునకు ఇవతలి ఒడ్డునే ఛివ్‌కీలో ఆగి, అటునుంచి అటే ముఘల్‌సరాయ్ వెళ్లిపోతుంది. అలహాబాదు ఇప్పుడు ప్రయాగరాజ్, ముఘల్‌సరాయ్ ఇప్పుడు దీన్‌దయాళ్ ఉపాధ్యాయ జంక్షన్, రెండూ 2018లో మారినవే అని అమ్మకు చెప్పాను. "పేర్లు మారితే మారాయి, నది కూడా తప్పుకుందా?" అని విసుక్కుంది. నాణెం పర్సులో వేరే అరలో పెట్టుకుంది.

ముఘల్‌సరాయ్‌లో దిగి కారులో మాలవీయ వంతెన మీదుగా కాశీలోకి వచ్చాం. ఈ వంతెనకు రోడ్డు పైన, రైలు కింద. నైనీ వంతెనకు తిరగబడి ఉంటుంది. ఎడమ పక్కన ఘాట్లన్నీ నెలవంకలా ఒంపు తిరిగి కనిపించాయి. నాన్న ఉంటే ఈ వంతెన 1887 నాటిదని అమ్మకు చెప్పేవారు. నేను చెప్పాను. అమ్మ వినలేదు, చేతులు జోడించి ఉంది.

విశ్వనాథుడి గుడి దగ్గర ఆ పాత ఇరుకు సందులు చాలావరకు లేవు. 2021 డిసెంబరులో కొత్త ప్రాంగణం తెరిచారు. గంగ ఒడ్డు నుంచి గుడి దాకా రాతి మెట్లతో, విశాలమైన వాకిళ్లతో ఉంది. ముసలివాళ్లకు సుఖం, కాదనను. కానీ 1988లో ఆ సందుల్లో ఆవు ఎదురొస్తే గోడకు అతుక్కుపోయి నిలబడ్డ మా నాయనమ్మను ఎక్కడ ఊహించుకోవాలో తెలియక కొంచెం దిక్కుతోచలేదు. పాండే హవేలీ వైపు వెళ్లాక ప్రాణం కుదుటపడింది. అక్కడ ఇంకా తెలుగు అక్షరాలున్నాయి. కేదార ఘాట్ పక్కనే విజయనగరం ఘాట్ ఉంది, మన విజయనగరం రాజుల పేరిటే. పడవవాళ్లు నన్ను చూడగానే "అమ్మా, పడవ కావాలా" అని తెలుగులోనే పిలిచారు. ఏం చూసి పోల్చుకుంటారో తెలియదు. బహుశా మా అమ్మ మాట్లాడే గొంతును బట్టి కావచ్చు, అవతలి ఒడ్డుకు కూడా వినిపిస్తుంది.

కేదార ఘాట్ మెట్లు దిగడానికి మాకు అరగంట పట్టింది. అమ్మకు మోకాళ్లు, నాకు కళ్లజోడు. ఎవరు ఎవరిని పట్టుకున్నారో చెప్పడం కష్టం. స్నానం అయ్యాక కుర్ర పురోహితుడు సంకల్పం చెప్పించి, "ఏం వదులుతున్నారమ్మా?" అని అమ్మను అడిగాడు.

"పళ్లే నన్ను వదిలేశాయి నాయనా, నేను వదలడానికేముంది?" అంది అమ్మ.

ఆ అబ్బాయికి శ్లేష అందింది. నవ్వి నా వైపు తిరిగాడు. నేను హైదరాబాదులో బయలుదేరినప్పుడే అనుకుని పెట్టుకున్నాను. "జామపండు" అన్నాను. అంటుంటే గొంతు పూడుకుపోయింది కూడా.

అమ్మ నవ్వడం మొదలుపెట్టింది. మామూలు నవ్వు కాదు, పమిట నోట్లో కుక్కుకుని భుజాలు కదిలిపోయే నవ్వు. పక్క మెట్ల మీదవాళ్లు చూస్తున్నారు.

"వద్దే," అంది ఊపిరి తీసుకుని. "అది మీ వంశంలో నిలవదు."

"అదేమిటమ్మా?"

"మీ నాన్న వదిలింది రెండేళ్లేనే పిచ్చిదానా."

నువ్వు పదో తరగతి రాసిన ఎండాకాలం అని మొదలుపెట్టింది. ఏదో పని మీద బస్టాండుకు వెళ్లిన నాన్న అక్కడ బండి మీద కోసిపెట్టిన జామకాయ చూసి ఆగలేకపోయారట. తిన్నారట. ఇంటికొచ్చి కాళ్లు కడుక్కోకుండానే అమ్మతో చెప్పేశారట. ఆ తర్వాత వారం వారం. పెరట్లో చెట్టుది మాత్రం ముట్టుకునేవారు కాదు.

"నాయనమ్మకు?"

"ఆవిడకూ తెలుసు. కాకరకాయ వదిలినదాన్ని, వాణ్ణి ఏమని అంటానే అంది."

"మరి నాకెందుకు చెప్పలేదు?"

అమ్మ నవ్వు ఆపింది. "నువ్వు వ్యాసం రాశావు కదా. ఆ గ్లాసుతో నీళ్లు తాగుతూ పిల్లకు ఎలా చెప్పమంటావు అనేవారు."

నాకు కోపం వచ్చింది. యాభై ఏళ్ల బ్యాంకు మేనేజరు కాశీలో, గంగ ఒడ్డున, తడిబట్టలతో అలిగింది. పురోహితుడు పాపం పుష్పాలు చేత్తో పట్టుకుని ఎదురుచూస్తున్నాడు. ఇరవై ఏళ్లు ఆ పెరట్లో కాయ కోసి వాసన చూసి పక్కింటివాళ్లకు ఇచ్చింది నా కోసమేనన్నమాట, నేను చూస్తున్నానని. ఆ చెట్టు కిందే, ఆ మనిషికి ఎదురుగానే, నేను కాయ కొరుకుతూ తిరిగేదాన్ని. మా అబ్బాయి పుణెలో నా గురించి ఎవరితో ఏం గొప్పగా చెప్పుకుంటున్నాడో ఒకసారి కనుక్కోవాలి అనిపించింది.

చివరికి నేను ఏం వదిలానో ఇక్కడ రాయను. ఇంట్లో ఒకరికి తెలియకుండా ఉంచడం మా వంశాచారమని తేలింది కదా.

మర్నాడు కారు మాట్లాడుకుని ప్రయాగ వెళ్లాం. పాత బాకీ వడ్డీతో సహా, అయిదు రూపాయి నాణేలు, అమ్మ యమునలో వేసింది. సంగమంలో మా పక్క పడవలో కొత్త జంట ఒకటి వేణీదానం చేసుకుంటోంది. ఆ అబ్బాయికి జడ వేయడం వచ్చు, చకచకా వేసేశాడు. అమ్మ అటు చూడలేదు. యమున వైపు తిరిగి కూర్చుంది. నేను ఏమీ మాట్లాడలేదు. వెళ్లి ఆవిడ పక్కన కూర్చున్నాను.

వచ్చేటప్పుడు దారిలో కారు ఆపి జామపండ్లు కొన్నాను. అమ్మ కొరకలేదు కాబట్టి ఆవిడకు పల్చగా కోయించి ఇచ్చాను, చప్పరించింది. సుర్ఖా రుచి అలాగే ఉంది, కొంచెం మారిందేమో, నాకు మాత్రం అలాగే ఉంది.

*

హైదరాబాదు వచ్చాక అటక మీది పెట్టె దించి నాన్న జమాఖర్చు పుస్తకాలు తీశాను. 1991 ఏప్రిల్. పా., కి., బస్సు. తర్వాత శనివారం నాడు, జా. 0.50. పై శనివారం మళ్లీ జా. 0.50. పేజీలు తిప్పుకుంటూ పోయాను. జా. 1.00, జా. 2.00. ఇంటికి ఫోను వచ్చాక కూడా జా. ఉంది. సెల్‌ఫోను వచ్చాక కూడా ఉంది, జా. 5.00. 2010లో చివరి పుస్తకంలో కూడా. ఈయన ఇంకా ఎవరికి ఇన్ని జాబులు రాస్తున్నారన్న అనుమానం నాకు రాలేదు. ఇరవై ఆరేళ్లుగా పదిమంది లెక్కలు తనిఖీ చేసి జీతం తీసుకుంటున్నాను.

దాచారు గానీ, అబద్ధం రాయలేదు.

డల్లాస్‌లో ఉన్న తమ్ముడికి పేజీ ఫోటో తీసి పంపించాను. కింద ఏమీ రాయలేదు. పావుగంటలో వాడే ఫోన్ చేశాడు. అక్కడ అర్ధరాత్రి.

"ఇప్పుడు తెలిసిందా అక్కా?"

"నీకు ముందే తెలుసా?"

"సైకిల్ మీద నన్ను కూడా తీసుకెళ్లేవారు కదా. నాన్న ఉప్పు ఒక్కటే పెట్టించుకునేవారు. నాకు ఉప్పూ కారం."

"ప్రతి శనివారమా?"

"ప్రతి శనివారం."

"ఇన్నేళ్లలో ఒక్కసారైనా నాతో అనలేదేమిట్రా?"

"నీతో అననందుకే అక్కా, నాకు సగం ఇచ్చేవారు."